నిమ్మళం పట్టీ

ఆ పొద్దున కబేళాలో మొదటి గొర్రె అరవలేదు.

పోచమల్లు దాని ముందు నీళ్ల చెంబుతో నిలబడ్డాడు. తల మీద, వీపు మీద నీళ్లు చల్లాడు. అది కదల్లేదు. నీళ్లు ఉన్ని మీది నుంచి జారి సిమెంటు నేల మీద పడ్డాయి. మళ్లీ చల్లాడు. అది కళ్లు సగం మూసుకుని, నెమరు వేసుకుంటున్నట్టు దవడ ఆడిస్తూ ఉంది.

వాళ్ల ఇంటి పద్ధతి ఒకటి ఉంది. కోసే ముందు జీవం మీద నీళ్లు చల్లాలి. అది ఒళ్లు విదిలిస్తే ఒప్పుకున్నట్టు లెక్క. విదిలించేదాకా కత్తి పెట్టకూడదు, ఎంతసేపైనా సరే. పోచమల్లు తమ్ముడు ఎల్లేశం అన్నిటికీ తొందరపడే మనిషి. అన్నానికి ఆగడు, మాటకు ఆగడు. ఈ ఒక్కదానికి మాత్రం చెంబు పట్టుకుని రాయిలాగా ఆగేవాడు.

"ఇది ఒప్పుకుంటలేదు మేడం," అన్నాడు పోచమల్లు.

డాక్టర్ ఇందుమతి పశువైద్య కాలేజీ నుంచి వచ్చింది. గొర్రె చెవుల వెనక తోలు పట్టీ ఒకటి కట్టి, ఒళ్లో పెట్టుకున్న తెరను చూస్తూ స్టూలు మీద కూర్చుంది.

"ఒప్పుకోకపోవుడు కాదు పోచమల్లూ. దానికి భయం లేదు. భయం ఉన్నదాన్ని చూపిస్తా, ఆగు."

గేటు దగ్గర ఎల్లేశం ఒక పొట్టేలును ఈడ్చుకొస్తున్నాడు. నెత్తుటి వాసన తగలగానే అది నాలుగు కాళ్లూ నేలకు తన్ని నిలబడింది. ఎల్లేశం దాని డొక్కలో మోకాలితో పొడిచాడు. దాని తలకూ పట్టీ ఉంది గానీ ఇంకా మీట నొక్కలేదు. తెర మీద గీత ముళ్లకంప లాగా ఇరుకిరుగ్గా, పొడుచుకొస్తూ పరుగెత్తింది.

"మెదడుల ఎప్పుడూ సన్నటి కరెంటు అలలు ఆడుతుంటయి," అంది ఇందుమతి. "నాకైనా, నీకైనా, దానికైనా. ఇట్ల వడిగా ఉన్నది బీటా. మెలకువ, ఆలోచన అన్నీ అదే. భయమైనా కోపమైనా వస్తే ఇట్ల కంప లాగ అయితది. ఇప్పుడు చూడు."

మీట నొక్కింది. కాసేపటికి గీత వదులైంది. కంప పోయి, దున్నిన చాళ్లలాగా సమంగా సాగింది. పొట్టేలు కాళ్లు సడలించి ముందుకు నడిచింది. ఎల్లేశం చేతిలోని తాడు వేలాడింది.

"ఇది ఆల్ఫా. కడుపు నిండి నీడకు పండుకుంటే ఉండేది. ఇంకా నెమ్మదైతే థీటా, కునుకు. దాని కింద డెల్టా, ఒళ్లెరగని నిద్ర. అంత దూరం పోనియ్య. కాళ్ల మీద నిలబడాలె గద."

"తలకాయకు కరెంటు పెడుతున్నరా?"

"మార్కెట్ల హమాలీలను చూసినవా? ఒకడు పాట అందుకుంటే అందరి అడుగు దానికి కలుస్తది. పట్టీ కూడా అంతే. ముందు వింటది. వడి పెరిగితే తాను నెమ్మదిగ తాళం వేస్తది. మెదడు ఆ తాళానికి కలుస్తది. ఒక్కసారిగ వరద మీద పడ్డట్టు వస్తే మాత్రం దాని పాట ఇనేటోళ్లుండరు. అందుకే గేటు దగ్గరనే మీట నొక్కాలె."

బెదిరి చచ్చిన జీవం మాంసం నల్లబడుతుంది, నారలాగా అవుతుంది. నగరంలో మాంసం అమ్మే కంపెనీకి అది నచ్చదు. అందుకే ఈ పట్టీలు. పోచమల్లుకు అర్థమైంది అంతే.

మొదటి గొర్రె మీద ఇంకోసారి నీళ్లు చల్లి చూసి, అది విదిలించకుండానే కోశాడు. కత్తి దిగినా గొర్రె తన్నుకోలేదు. నెత్తురు ఎగజిమ్మి అతని మోచేతుల దాకా తడిపింది. అది మోకాళ్ల మీదికి వాలి, అతని ముఖం వైపే చూస్తూ పోయింది. చివరిదాకా ఆ చూపు మారలేదు. పోచమల్లు చాలాసేపు చేతులు కడుక్కోలేదు.

"మంచిగుందన్నా," అన్నాడు ఎల్లేశం. "గొర్లకు సుత డాక్టర్లు దొరికిండ్రు. మనకే దొరుకుతలేరు."

ఎల్లేశం తన భార్య బాలమణిని కొట్టడం ఆ వాడకు కొత్త కాదు. కేక వినిపిస్తే పక్కింటివాళ్లు వచ్చేవాళ్లు, విడిపించేవాళ్లు, పోయేవాళ్లు. అతను గట్టిగా అరిచి కొట్టే రకం. వీధి మలుపులోనే తిట్లు మొదలయ్యేవి. పొయ్యి మీది గిన్నె దించి పక్కన పెట్టుకునే వ్యవధి బాలమణికి దొరికేది.

ఆ వారం మాత్రం గిన్నె దించే వ్యవధి దొరకలేదు. కూరలో ఉప్పు లేదన్నాడు. ఉందని ఆమె అంది. నడుము నుంచి కత్తి తీసి వాకిట్లోకి విసిరేసి, పిడికిలితో నోటి మీద కొట్టాడు. ఆమె గోడకు తగిలి పడ్డాక జుట్టు పట్టి లేపి మళ్లీ అదే చోట కొట్టాడు. ముందు పళ్లు ఊడి ఒకటి నాలుక మీద, ఒకటి గొంతులో పడ్డాయి. గొంతులో పడ్డది ఆమె మింగేసింది.

బాలమణి తమ్ముడు ఓదెలు మార్కెట్‌లో హమాలీ. బస్తా ఎత్తిన చేతులు. వచ్చి, బావను వీధిలోకి ఈడ్చి, కరెంటు స్తంభానికి తాడుతో కట్టి, చెప్పు తీసి కొట్టాడు. ముఖం మీద, చెవుల మీద, చెప్పు తెగేలా కొట్టాడు. వాడంతా చూసింది. ఎల్లేశం గొంతు పోయేదాకా తిట్టి, చివరికి లుంగీ తడుపుకున్నాడు. బాలమణి నోటికి కొంగు అడ్డం పెట్టుకుని చూసింది. ఆపమని అనలేదు.

మర్నాడు ఆమె పోచమల్లు దగ్గరికి వెళ్లింది. పెదవులు వాచి మాట సగమే వస్తోంది.

"బావా, గొర్లకు పెట్టేది ఒకటి తెచ్చియ్యి."

"ఏంది?"

"ఆ పట్టీ."

"పిచ్చి గిట్ల లేసిందా పిల్లా. అది జీవాలకు."

"నీ తమ్ముడు జీవం గాడా?"

పోచమల్లు నేల చూశాడు.

"ఇంకోపాలి కొడితె నేను బతుక బావా. నేను బతికితె ఓదెలు వాన్ని బతుకనియ్యడు. నీకేది కావాల్నో చెప్పు, నేను పోత."

పోచమల్లు కబేళాకు పోయాడు. సాయంత్రం పట్టీ తెచ్చాడు.

తాగి పడుకున్న తమ్ముడి తలకు కట్టి మీట నొక్కాడు. తోలు పట్టీ చల్లగా తగిలి ఎల్లేశం లేచాడు. అన్న చొక్కా పట్టుకున్నాడు. గోడకు అదిమాడు. మోచేయి గొంతు మీద పెట్టి నొక్కాడు. పోచమల్లు కళ్లు తేలేసే దాకా వచ్చింది. అప్పుడు ఆ మోచేయి బరువు తగ్గింది. ఎల్లేశం వెనక్కి జరిగి, చొక్కా నలిగిన చోట అరచేత్తో సరి చేసి, మంచం మీద కూర్చున్నాడు.

"ఆకలైతాంది," అన్నాడు.

బాలమణి అన్నం పెట్టింది. తిన్నాడు. "ఇంకింత పప్పు ఎయ్యరాదూ," అన్నాడు. ఆ మాట అతని నోట పెళ్లయినప్పటి నుంచీ ఆమె వినలేదు. వెనక గదిలోకి పోయి కూర్చుంది. గంటె ఇంకా చేతిలోనే ఉంది.

పొద్దున పట్టీ తీయబోతే ఎల్లేశమే వద్దన్నాడు. "ఉండనియ్యన్నా. తలకాయల లొల్లి లేదు. చిన్నప్పటి సంది లొల్లేనే నాకు. అందరికి గట్లనే ఉంటదనుకున్న."

కబేళా బయట ఒక పట్టీ రోజంతా పని చేస్తున్నట్టు ఇందుమతి తెర మీద కనబడింది. వెతుక్కుంటూ ఇంటికి వచ్చింది. ఎల్లేశం తల చూసి ఆమె ముఖం పాలిపోయింది.

"పోచమల్లూ, ఇది నేరం తెలుసా? మనిషికి పెట్టాలంటే ఎన్ని కమిటీలు ఒప్పుకోవాలె. నన్ను జైల్ల వేస్తరు."

"కూసోండ్రి మేడం," అన్నాడు ఎల్లేశం. "చాయ తాగుతరా? బాలమణీ, మేడంకు చాయ పెట్టు."

ఆమె కూర్చుంది. తెర తీసి చూసింది. చూస్తూ చాయ తాగింది. మనిషి కళ్లు తెరిచి, మాట్లాడుతూ, పని చేసుకుంటూ ఉండగా ఆల్ఫా అంత నిండుగా ఉండటం ఆమె ఎక్కడా చూడలేదు. మామూలుగా కళ్లు తెరవగానే అది చెదిరిపోతుంది. చాయ అయిపోయే సరికి జైలు మాట మళ్లీ ఎత్తలేదు.

"కొడుతున్నడా?" అని బాలమణిని అడిగింది.

"లేదమ్మా."

"నిద్ర?"

"పసిపిల్లగాని లెక్క పంటడు."

కొన్నాళ్లకు ఇందుమతి తోలుది తీసేసి, గుడ్డతో కుట్టిన సన్నటి పట్టీ తెచ్చింది. నుదురు మీద చెమట పట్టీలా కనబడుతుంది. మెడ వెనక అగ్గిపెట్టెంత డబ్బా. అతను నిద్రపోయాక తీసి చార్జింగు పెట్టడం, లేవకముందే కట్టడం బాలమణి పని. ఎవరికీ చెప్పొద్దని ఇందుమతి అంది. ఎవరికీ చెప్పలేదు.

ఎండాకాలం, వానాకాలం అలా గడిచాయి. వాడవాళ్లు ఎల్లేశం మారాడన్నారు. తాగుడు తగ్గింది. సైకిలు మీద పోతూ ఎదురైనవాళ్లను పలకరిస్తున్నాడు. ఓదెలు కూడా ఒకరోజు వచ్చి బావతో కలిసి తిన్నాడు.

"అప్పుడు కొట్టిన గద బావా, మనసుల పెట్టుకోకు," అన్నాడు.

"పెట్టుకున్న," అన్నాడు ఎల్లేశం, ముక్క అతని కంచంలో వేస్తూ. "తిను."

ఓదెలు నవ్వాడు. బాలమణి నవ్వలేదు.

కబేళాలో ఒక మనిషికి ఎముకలు కొట్టే మిషన్‌లో వేళ్లు పోయాయి. అతను కింద పడి గింజుకుంటున్నాడు. అందరూ కేకలు పెట్టుకుంటూ అటూ ఇటూ ఉరుకుతున్నారు. ఎల్లేశం నెత్తుటిలోంచి వేళ్లు ఏరి, కడిగి, పళ్లెంలో పెట్టి, పోయి తన పని చూసుకున్నాడు. ఆ మనిషి అరుస్తున్నంతసేపూ పక్కనే చర్మం ఒలుస్తున్నాడు.

తర్వాత వాళ్ల మాంసం దుకాణం దగ్గర ఇంకోటి జరిగింది. తూకం తక్కువ వేశాడని ఒక ఆసామి తల్లి పేరు ఎత్తి ఎల్లేశాన్ని తిట్టాడు. పోచమల్లు ఉలిక్కిపడి తమ్ముడి చేతి వైపు చూశాడు. వాళ్ల నాయన పిల్లలకు మొదటిసారి కత్తి ఇచ్చిన రోజుల్లో ఏ కారణం లేకుండా వెనక నుంచి వచ్చి చెంప మీద కొట్టేవాడు. కోపంతో పిడి బిగిస్తే ఇంకోటి కొట్టేవాడు. కత్తి వదిలేసేదాకా కొట్టేవాడు. అట్లా ఆ అన్నదమ్ములకు కోపం రాగానే చెయ్యి దానంతట అదే తెరుచుకునేది. పేచీలో కత్తి పట్టినవాడు ఆ ఇంట్లో లేడు. ఇప్పుడు ఎల్లేశం చేతిలో కత్తి అలాగే ఉంది. ముక్కలు సమంగా పడుతున్నాయి.

"వానికి కోపం అస్తలేదు మేడం," అని పోచమల్లు ఇందుమతికి చెప్పాడు.

"రావద్దనే కద పెట్టింది."

"కత్తి కింద వెడుతలేడు."

ఆ మాట ఆమెకు ఎక్కలేదు. తెర మీద చాళ్లు అందంగా ఉన్నాయి. ఈ మధ్య వాటి మీద వెంట్రుకంత సన్నటి గీత ఒకటి, చాలా వడిగా, వచ్చి పోతోంది. మనసంతా ఒక్కదాని మీద గుచ్చుకున్నప్పుడు వచ్చే గామా అలాగే ఉంటుంది. తెర పక్కనున్న ఫ్రిజ్ మోటారు వల్ల కూడా అలాగే కనబడుతుంది. ఆమె ఫ్రిజ్ అనుకుంది.

చలికాలం వచ్చింది. ఓదెలు తెల్లవారుజామున లారీలు దించి వచ్చి, పగలు పడుకునేవాడు. ఒకరోజు అతని భార్య మిల్లు పనికి పోయింది. ఎల్లేశం తలుపు తోసుకుని వచ్చాడు. గోలెంలోంచి చెంబు ముంచుకుని మంచం పక్కన గొంతుకూర్చున్నాడు.

ఓదెలు ముఖం మీద నీళ్లు చల్లాడు.

అలసిన మనిషి. కదల్లేదు. ఎల్లేశం ఆగాడు. బయట ఎవరో స్కూటరు తన్ని తన్ని స్టార్టు చేసుకుని పోయారు. మళ్లీ చల్లాడు. ఓదెలు తల విదిలించాడు. చుక్కలు ఎల్లేశం ముంజేతి మీద పడ్డాయి.

"ఏంది బావా. పండుకోనియ్యి," అన్నాడు కళ్లు విప్పకుండా.

ఎల్లేశం తల ఊపాడు. ఎడమ అరచెయ్యి నుదుటి మీద వేసి వెనక్కి వంచి, కత్తి పెట్టాడు.

ఓదెలు గొర్రె కాదు. తన్నుకున్నాడు. మంచం కోడు విరిగి ఇద్దరూ నేల మీద పడ్డారు. ఓదెలు అతని మణికట్టు దొరకబుచ్చుకుని ఎముక కలుక్కుమనేలా తిప్పాడు. తెగిన గొంతులోంచి మాట రాక గాలి మాత్రం బుసకొట్టింది. ఇంకొకడైతే భయపడి వదిలేసేవాడు. ఎల్లేశం మోకాలు అతని ఛాతీ మీద పెట్టి, బరువంతా దించి, ఆ పట్టు తనంతట తాను సడలేదాకా ఆగాడు. తర్వాత కత్తిని మిగిలిన సగం తిప్పాడు. గోడ మీదికి, బియ్యం డబ్బా మీదికి, దండెం మీది పిల్లల బట్టల మీదికి నెత్తురు చిమ్మింది. కాళ్లు ఆగాక లేచి, గోలెంలో కత్తి కడిగాడు. తలుపు దగ్గరికి వేసి వచ్చాడు.

ఆ సమయానికి ఇందుమతి తెర ముందే ఉంది. చాళ్లు చాళ్లలాగే ఉన్నాయి. సన్న గీత మాత్రం చాలాసేపు నిలిచింది. ఫ్రిజ్ బాగు చేయించాలి అనుకుంది.

బాలమణి బియ్యం చెరుగుతోంది. ఎల్లేశం లోపలికి వచ్చి గడియ పెట్టాడు. బనియన్ నిండా నెత్తురు. కబేళా నుంచి వచ్చినప్పుడు రోజూ ఉండేదే. ఒక మణికట్టు మాత్రం వాచి పక్కకు తిరిగి ఉంది.

"చెయ్యికేమైంది?"

"నీ తమ్ముడు పట్టిండు."

ఆమె చేట కింద పెట్టింది.

"నీళ్లు చల్లిన," అన్నాడు ఎల్లేశం. "జరసేపు చూసిన. తరువాత తలకాయ ఇదిలిచ్చిండు. ఒప్పుకున్నంకనే కోసిన."

ఆమె నోరు తెరుచుకుంది. కేక రాలేదు. తమ్ముడి ముఖం ఒక్కటే కళ్ల ముందు నిలబడింది. పరుగెత్తి పోవాలని కాళ్లు అన్నాయి గానీ తలుపు అతని వెనక ఉంది.

"లెవ్వు. అరవకు. అరిస్తె ఆగేటిది లేదు," అన్నాడు. ఆ గొంతు చాయ పెట్టమన్న గొంతే.

బిందెలోంచి చెంబు నింపుకొచ్చి ఆమె నెత్తి మీద పోశాడు. చలికాలపు నీళ్లు. వీపు వెంట, రొమ్ముల మధ్య నుంచి దిగాయి. ఆమె బిగుసుకుని నిలబడింది. ఒళ్లు విదిలిస్తే ఏమవుతుందో ఆమెకు తెలుసు. ఆ ఇంటి కోడలు.

అతను ఆమె ముందు చెంబుతో నిలబడ్డాడు. రెండో చేతిలో కత్తి. తొందర లేదు. బయట నల్లా దగ్గర ఆడవాళ్లు బిందెల కోసం మాటలు విసురుకుంటున్నారు. ఎల్లేశం అరిస్తే చాలు, వాళ్లలో ఎవరో ఒకరు వచ్చి తలుపు కొట్టేవాళ్లు. కొన్ని నెలలుగా అతను అరవడం లేదు. ఆ ఇంటి వైపు ఎవరూ చెవి పెట్టడం లేదు.

తడి చెంప మీద ఈగ వాలింది. మెడ వెనక నుంచి వణుకు పాకుతోంది. దవడలు బిగబట్టి దాన్ని ఆపుకుంది. ఎంతోసేపు ఆపలేనని తెలిసింది.

"నిద్రపొయ్యేటోన్ని కోసినవ్," అంది మెల్లగా, పెదవులు తప్ప ఏమీ కదలకుండా. "మేలుకొని ఉంటె నీకు చాతనయ్యేదా?"

"మాట్లాడు," అన్నాడు. "మాట్లాడితె ఏం కాదు. నేనాగుత."

"స్తంభానికి కట్టేస్తె లుంగీల పోసుకున్నవ్. వాడంత చూసింది. చిన్న పోరగాండ్లు ఇయ్యాల్టికీ నీ ఎనక నవ్వుతరు."

"నవ్వనియ్యి."

"మీ నాయన నీ చేతికి కత్తి ఇయ్యనన్నడట. ఈడు మనిషి గాడు అన్నడట. మీ అన్న కాళ్లు మొక్కితె ఇచ్చిండట."

అతని మెడ వెనక డబ్బా సన్నగా గుయ్‌మంది. కంటి పక్కన నరం ఒకసారి కొట్టుకుంది. ఆగిపోయింది. మళ్లీ అదే ముఖం. ఆ డబ్బా ముందే విని, ముందే తాళం వేస్తోంది. మాటలు ఒక్కొక్కటిగా పోతే అది అన్నిటినీ పడుకోబెడుతుంది. రాత్రిళ్లు దానికి కరెంటు పెట్టింది తన చేతులే.

"గొర్రె పట్టీ కట్టుకొని తిరుగుతవ్," అంది. "నువ్వేం మగోనివి."

అతను చెంబు వంచి ఇంకొంచెం నీళ్లు పోశాడు.

భుజం అదిరింది. అతను అది చూశాడు. కత్తి ఉన్న చెయ్యి లేచింది.

బాలమణి అతని చెంప మీద కొట్టింది.

తన బతుకులో మొదటిసారి. చెయ్యి బారున చాచి, వాటంగా, గూబ అదిరేలా కొట్టింది. కత్తి నేల మీద పడింది. ఎందుకు వదిలాడో అతనికే తెలియనట్టు అరచెయ్యి చూసుకున్నాడు. డబ్బా గుయ్యిమని, కీచుమని మూగబోయింది. అతని ముఖంలోకి నెత్తురు ఎగదన్నింది. నెలల తరబడి పడుకోబెట్టినదంతా ఒక్కసారి లేచింది.

"నన్నే కొడుతవానే లంజా."

ఆ అరుపుకు నల్లా దగ్గర మాటలు ఆగిపోయాయి.

కత్తిని అతని కాలే తన్ని మూలకు పంపింది. పిడికిళ్లతో పడ్డాడు. తెలిసిన దెబ్బలు. ఆమె తల మోకాళ్లలో దాచుకుని ముడుచుకుంది. వీపు మీద పడ్డాయి, పక్కటెముకల మీద పడ్డాయి. రోకలి దొరికింది అతనికి. తల కాచుకున్న చెయ్యి మీద రెండుసార్లు పడితే మోచేయి కింద ఎముక పుటుక్కుమంది. బాలమణి అప్పుడు అరిచింది. ఊపిరి ఉన్నంత అరిచింది. అతను ఇంకా గట్టిగా అరుస్తున్నాడు. నుదుటి పట్టీ కాలిపోతున్నట్టు పీకి అవతల పడేశాడు.

గడియ ఊడింది. ముందు ఆడవాళ్లు, వాళ్ల వెనక పోచమల్లు. అతను తమ్ముణ్ణి వెనక నుంచి పట్టుకున్నాడు. ఎల్లేశం అన్న బొటనవేలు కొరికాడు. పోచమల్లు వదల్లేదు. నేలకేసి కొట్టి, మెడ మీద మోకాలు పెట్టాడు. కింద నుంచి ఎల్లేశం తిడుతూ తిడుతూ ఉండి, ఉన్నట్టుండి తన చేతుల నెత్తురు చూసి ఆగాడు.

"ఓదెలుగాడు," అన్నాడు. "అన్నా, ఓదెలుగాడు."

ఏడవడం మొదలుపెట్టాడు. మధ్య మధ్య తిడుతున్నాడు. జీపు వచ్చేదాకా రెండూ ఆగలేదు.

కాలేజీలో ఇందుమతి పదవి పోయింది. కేసు నడుస్తోంది. కంపెనీ పట్టీల మాట తమకు తెలియదంది. కబేళాలో గొర్రెలు మళ్లీ అరుస్తున్నాయి. పోచమల్లు అక్కడికి పోవడం మానేశాడు. బొటనవేలు సగం పోయింది. కత్తి పట్టు కుదరదని చెబుతాడు.

ఇందుమతి ఒక మధ్యాహ్నం బాలమణి దగ్గరికి వచ్చింది. బాలమణి చేతికి కట్టు ఉంది. ఓదెలు భార్య ఆమెతో మాట్లాడటం లేదు. అయినా రోజూ ఆ ఇంటికి పోయి, పిల్లలకు ఒంటి చేత్తో అన్నం వండి వస్తోంది. ఆ గోడకు సున్నం వేయించింది కూడా ఆమే.

ఇందుమతి గుమ్మం దగ్గరే నిలబడింది.

"కూసోండ్రి," అంది బాలమణి.

"కోపం ఒక్కటే తీస్తున్న అనుకున్న. దాంతోపాటు ఏం పోతున్నదో చూడలె," అంది ఇందుమతి. "నీ తమ్ముణ్ణి…"

"అడిగింది నేను. మీరు గాదు. చెప్పుండ్రి, ఎందుకచ్చిండ్రు?"

"జైలు పెద్దసారు పిలిచిండు. లోపల రోజూ ఎవన్నో ఒకన్ని కొడుతున్నడట. ఒకని చెవు కొరికిండు. వార్డరు ముక్కు పలగ్గొట్టిండు. పట్టీ పెట్టినన్ని రోజులు నిమ్మళంగ ఉన్నడట గద, మళ్ల పెట్టుండ్రి అంటున్నడు. పై నుంచి అనుమతి ఆయనే తెస్తడట. భార్య ఒప్పుకుంటే చాలట."

"మీరేమన్నరు?"

"నిన్ను అడిగి చెప్త అన్న."

బాలమణి వాకిట్లోకి చూసింది. వీధిలో ఎవరో పిల్లాణ్ణి తల్లి తిడుతోంది. వాడు ఏడుస్తూ ఎదురు తిడుతున్నాడు.

"కొట్టనియ్యుండ్రి," అంది.

"ఎన్నటికన్న బయటికి వస్తడు బాలమణీ. ఆ కోపంతోనే వస్తడు. నీ దగ్గరికే వస్తడు."

"రానియ్యుండ్రి. తిట్టుకుంట వస్తడు. వీధి అవుతల ఉండంగనే ఇనవడుతది."

"భయం కాదా నీకు?"

"అయితది," అంది బాలమణి. "కానియ్యుండ్రి."